లూస్

తెల్లారక ముందే మా క్యాంపు ముంగట బండి ఆగింది.
ఫోర్‌మన్ ఉతుప్పు నా మంచం కాడికొచ్చి అన్నడు:
పదకొండు దినాలు సినిమోళ్ల పని,
కెమెరా నడిచే పట్టాలు వంచాలె, అతకాలె.
సంతకం మాత్రం ఇక్కడనే పెట్టాలె.

సూర్ ఊరు ఇంకా లేవలే.
పడవలు చేసే యార్డుల సగం కట్టిన దౌ ఒకటి
పక్కబొక్కలు బయటేసుకొని నిలబడ్డది.
దాని కింద ప్లాస్టిక్ కుర్చీల ముసలాయన.
డెబ్బై రెండేండ్లు. ఎడమ కంట్లె పువ్వు.
పేరు ఎలాదియో బెరెంగెల్, స్పెయిను మనిషి.
మెడల తాడుకు ఒక నల్లద్దం.

నాకు నవ్వొచ్చింది.
నా హెల్మెట్‌ల ఉన్నది గూడ అసొంటి అద్దమే.
నాది మంటను చూసేటందుకు,
ఆయనది పొద్దును చూసేటందుకు.

మొదటి దినం ఆయన "లూస్! లూస్!" అని ఒర్రిండు.
స్పానర్ పట్టుకొని ఉరికిన.
పట్టాల బోల్టులన్ని బిగించిన, నలభై రెండు.
ముసలాయన చూసిండు, చూసిండు,
కడుపు పట్టుకొని నవ్విండు.
వాళ్ల భాషల లూస్ అంటె వెలుతురట.
నేను వెలుతురును బిగించిన్నట.
ఆనాటి సంది యార్డుల నా పేరు
కంబాల నర్సిములు కాదు, సెన్యోర్ లూస్.

చాయ్ కాడ ఆయన చెప్పేది
ఫోకస్ పట్టే కరాచీ పిల్లగాడు ఉర్దూల మలిపి చెప్తుండె.
వాళ్ల నాయన అల్మేరియాల గోడలకు సున్నమేసెటోడు.
తొమ్మిదేండ్లకు ఈయన బకెట్ మోసిండు.
తెల్ల గోడ మీది ఎండ మర్లిపడి
ఎదురింటి అవ్వ మొఖాన్ని ఎట్ల కడుగుతదో
అప్పుడే చూసిండట.
పద్నాలుగేండ్లకు ఆ ఎడారికి గుర్రాల సినిమాలోళ్లొస్తే
రీలు డబ్బాలు మోసిండు, లెన్సులు తుడిచిండు,
టేపు పెట్టి దూరాలు కొలిచిండు ఏడేండ్లు.
మొదటి సొంత సినిమాకు పైసల్లేవు, లైట్లు లేవు.
చర్చిల అడుక్కొచ్చిన మైనం వత్తులతోని
ఒక చావు సీను తీసిండు. దానికి మెడల్ ఇచ్చిన్రు.
ఆ మెడల్ ఇప్పుడు ఇంట్ల
గాలికి తలుపు కొట్టుకోకుంట అడ్డం పెట్టిండట.
యాభై మూడు సినిమాలు.
మంచుల తీసినయి, బొగ్గుబాయిల తీసినయి,
అసలు ఎందుకు తీసిన్రో తెల్వనియి.
ఒక హీరోయిన్ పెండ్లి చేసుకున్నది, ఇడిచిపోయింది.
ఆమె గురించి ఒక్క మాట అన్నడు.
కరాచీ పిల్లగాడు దాన్ని మలపలే, చాయ్ తాగిండు.
రెండు దినాలైనంక చెప్పిండు:
"ఆమె ఎడమ చెంప నాకింకా నోటికొస్తది."

కంట్లె పువ్వు సంగతి పైసలు పెట్టెటోనికి తెల్వదు.
మా ముగ్గురికే తెలుసు.

ఎనిమిదో దినం దుమ్ము లేచింది.
కిటికీల కూసున్న ముసలామె సూర్ మనిషే, నటి గాదు.
ఆమె మొగన్ని నిజంగనే సముద్రం తీస్కపోయింది.
తెల్ల అట్టలు పెట్టి చూసిన్రు, గుడ్డలు పెట్టి చూసిన్రు.
వద్దు, వద్దు అన్నడు. యార్డంత తిరిగిండు.
గాలి తగలకుంట నేను వెల్డింగుకు అడ్డం పెట్టుకునే
తుప్పు రేకు కాడ ఆగిండు.
ఇది, అన్నడు.

పొద్దు దుమ్ము కింది నుంచి బెత్తెడు దిగింది.
రేకు నా చేతులల్ల కాలుతున్నది.
ముసలాయన కెమెరా ఇడిచి నా పక్కకొచ్చి
నా మణికట్టు పట్టుకున్నడు.
ఆ పక్క ఆయనకు కనిపిస్తలేదు.
మెల్లగ అడిగిండు, ఉర్దూ మాట నేర్చుకొని: "ఆయా?"
రాలే, అన్న.
ఇంకింత వంచిన.
"ఆయా?"
ఆమె చెంప మీదికి బెల్లం రంగు ఎక్కుతున్నది,
ముడుతల్లకు, కన్నుకొస దాక.
నా నోట్ల మాట రాలే. తల ఊపిన.
ఆయన చెయ్యి వణికింది. లేకుంటె నాదే వణికిందేమొ.

పోయేటప్పుడు నా పదకొండో నంబరు అద్దం ఇచ్చిన.
కుడి కంటికి పెట్టుకొని పొద్దును చూసిండు.
శాన చీకటి, అని మర్ల నా చేతుల పెట్టిండు.

సినిమా ఫోన్ల చూసిన, క్యాంపుల, మంచం మీద.
ఆ చెంప ఆరు సెకండ్లున్నది.
ఆఖరికి పేర్లు పోతుంటె రెండుసార్లు ఆపి చూసిన.
నాది లేదు.

నిన్న ప్లాంటుల, ఫ్లాంజ్ కాడ,
సూపర్‌వైజరు "లూజ్! లూజ్!" అని ఒర్రిండు.
స్పానర్ చేతులనే ఉన్నది.
నేను ముందుగాల తలెత్తి పొద్దును చూసిన.